రెండో రివ్యూయర్

అందరి ప్రేమకథలూ ఎలా మొదలవుతాయో నాకు తెలియదు గానీ, నాది మాత్రం ఒక పుస్తకాన్ని ఇద్దరం చెరోవైపు పట్టుకుని లాగడంతో మొదలైంది.

"ముందు నేను చెయ్యి వేశాను," అన్నాను.

"ముందు నేను చూశాను," అందామె.

"చూస్తే సరిపోతుందా?"

"మీ లెక్కలో సరిపోవాలి. మనసులో అనుకుంటే చేసినట్టేనని మొన్న సెమినార్లో గంటసేపు వాదించింది మీరే కదా? వెనక కూర్చుని విన్నాను లెండి."

మా థియాలజీ కాలేజీలో నన్ను వాదనలో ఓడించినవాళ్లు అంతకుముందు ఇద్దరే, ఇద్దరూ ప్రొఫెసర్లే.

ఆ పుస్తకం క్రైస్తవ నీతిశాస్త్రం మీద. ఆరువందల పన్నెండు పేజీలు. ఎప్పుడో అచ్చయిన పాత ప్రతి, అట్ట ఊడిపోయి దారాలు వేలాడుతుంటాయి. లైబ్రేరియన్ మేడమ్ కళ్లజోడు పైకి తోసి తీర్పు చెప్పింది. "పొద్దున ఆయనకి, మధ్యాహ్నం ఒంటిగంట నుంచి ఈవిడకి. టేబుల్ ఒక్కటే. కొట్టుకుంటే ఇద్దరినీ బయటికి పంపిస్తా."

అలా ఒకే టేబుల్‌కి అటూ ఇటూ చేరాం. నా థీసిస్ సత్యం గురించి. మనిషి ఎప్పుడు నిజం చెప్పాలి, ఎంత చెప్పాలి, చెప్పకుండా ఊరుకోవడమూ అబద్ధమేనా అని. ఆమెది నేలా నీరూ గురించి, సృష్టి పట్ల మనిషికున్న బాధ్యత గురించి. ఒంటిగంట కొట్టగానే పుస్తకాన్ని అటు తోసేవాణ్ణి. "ఒంటిగంటా రెండు," అని గడియారం చూపించేది. "రెండు నిమిషాలు దొంగిలించారు. దొంగిలించకూడదన్న ఎనిమిదో ఆజ్ఞ మీకు వర్తించదా?"

వాన పడే సాయంత్రాలు ఆమె నీలం గొడుగులో బస్‌స్టాప్ దాకా నడిచేవాళ్లం. ఆ గొడుగుకి ఒక ఊచ వంగిపోయింది, ఆ పక్క నీళ్లన్నీ నా భుజం మీదే. ఇంటికెళ్తే నర్సుగా పనిచేసే మా అక్క తువ్వాలు విసిరేది. "ఏరా, ఎప్పుడూ కుడి భుజమే తడుస్తుందేం? వాన కూడా పక్షపాతం చూపిస్తోందా?"

"సగం గొడుగక్కా."

"సగం మనిషివి కూడా అయిపోయావు. ఆ అమ్మాయికి చెప్పరా."

చెప్దామనే అనుకున్నాను. ఇంతలో కొంప మునిగింది.

మా రంగంలో ఒక పద్ధతి ఉంది. పత్రికకి ఎవరైనా వ్యాసం పంపితే, పేరు చెరిపేసి ఇద్దరు రివ్యూయర్లకి పంపుతారు. రాసిందెవరో చదివేవాళ్లకి తెలియదు, చదివిందెవరో రాసినవాళ్లకి తెలియదు. అలాంటి వ్యాసమొకటి మా గైడ్ సార్‌కి వచ్చింది. ఆయన, "నాకు తీరిక లేదు, ఎడిటర్‌తో మాట్లాడాను, నువ్వే రాసెయ్," అన్నారు. మొదటిసారి నన్నూ ఒక మనిషిగా గుర్తించారు కదా, ఎగిరి గంతేశాను.

వ్యాసం క్షమాపణ గురించి. ఈ కాలపు ప్రొటెస్టెంట్ పండితులు రెండు పక్షాలుగా చీలిపోయి కొట్టుకుంటున్న ప్రశ్నే అది. తప్పు చేసినవాడు వచ్చి అడిగితేనే క్షమించాలా, అడగకముందే క్షమించాలా? అడగకముందే క్షమించాలి, దేవుడు మనల్ని అలాగే క్షమించాడు అంటుంది ఆ వ్యాసం. నేను అవతలి పక్షం, అడిగితేనే క్షమించాలనేవాణ్ణి. పెన్ను కాదు, కత్తి పట్టుకున్నాను.

"తప్పు ఒప్పుకోనివాణ్ణి క్షమించడం సొంత గొప్పతనాన్ని చూసుకుని మురిసిపోవడమే. ఈ రచయితకి జీవితంలో ఎవరినీ క్షమించాల్సిన అవసరం వచ్చినట్టు లేదు. 531వ పేజీ చూసుకుంటే మేలు," అని రాసి, మా పాత పుస్తకం పేరు కూడా జోడించి, ప్రచురణకి పనికిరాదని తేల్చేశాను. ఆ రాత్రి హాయిగా నిద్రపోయాను కూడా.

నెల తర్వాత ఆమె టీ కప్పు ముందు పెట్టుకుని తాగకుండా కూర్చుంది.

"ఏమైంది?"

"నా పేపర్ వెనక్కొచ్చింది."

"నేలా నీరూ గురించా?"

"కాదు. మీకు చెప్పలేదు లెండి, అచ్చయ్యాక చూపించి మీ నోరు మూయిద్దామనుకున్నా. క్షమాపణ గురించి రాశాను. మొదటి రివ్యూయర్ బాగుందన్నారు. రెండో ఆయన..." ఫోన్ తీసి చదివింది. "ఈ రచయితకి జీవితంలో ఎవరినీ క్షమించాల్సిన అవసరం వచ్చినట్టు లేదు."

టీ గొంతుకి అడ్డం పడింది. దగ్గి దగ్గి కళ్లల్లో నీళ్లొచ్చాయి. ఆమే నా వీపు తట్టింది, అది ఇంకా ఘోరం.

"ఆరేళ్ల కిందట మా తమ్ముణ్ణి వ్యాన్ గుద్దింది," అంది మెల్లగా. "ఫుట్‌బాల్ ఆడేవాడు. ఇప్పుడు కుంటుతాడు. నాన్న పాస్టర్ కదా, ఆస్పత్రి వరండాలోనే ఆ డ్రైవర్ని క్షమించేశానని చెప్పారు. అతను ఒక్కసారి కూడా రాలేదు. నాన్న ఎలా చేయగలిగారో అర్థం చేసుకుందామనే రాశాను. పోనీలెండి. ఇక్కడి ఉద్యోగానికి అచ్చయిన పేపర్ అడిగారు, అది లేదు కాబట్టి దూరపు కాలేజీకి వెళ్లాలి. నెలాఖరుకి ప్రయాణం."

రాసింది నేనే అని చెప్పాలి. రెండే మాటలు. సత్యం మీద మూడువందల పేజీలు రాసినవాడికి ఆ రెండు మాటలకి నోరు పెగల్లేదు. "అయ్యో," అన్నాను. నా మీద నాకే అసహ్యమేసింది.

చివరి రోజు వాన పడి వెలిసింది. ఆమె పుస్తకాన్ని నా వైపు తోసి, బ్యాగు భుజాన వేసుకుని, వెళ్లకుండా నిలబడింది.

"నాతో ఏమైనా చెప్పాలా మీరు?"

ఆ కళ్లలో ఏదో ఎదురుచూపు. ప్రేమ గురించే అడుగుతోందనుకున్నాను. చెబితే రెండూ చెప్పాలి, ఒకటి దాచి ఇంకోటి చెప్పడం నాకు చేతకాలేదు.

"గొడుగు మర్చిపోకండి," అన్నాను.

నవ్వినట్టే నవ్వి వెళ్లిపోయింది. తీరా చూస్తే గొడుగు కుర్చీకే వేలాడుతోంది. తీసుకుని బస్‌స్టాప్ దాకా పరిగెత్తాను. బస్సు వెళ్లిపోయింది.

ఇక రోజంతా పుస్తకం నాదే. చదివితే ఒట్టు! ఒంటిగంట కాగానే అలవాటుగా ఎదురుగా తోసేవాణ్ణి. అటు తిప్పడానికి ఎవరూ లేక అది అలాగే పడుండేది. కొత్తగా వచ్చిన విద్యార్థులెవరైనా ఆ కుర్చీ లాగబోతే, "అక్కడ మనిషి ఉంది," అనేది లైబ్రేరియన్ మేడమ్ తల ఎత్తకుండానే. ఆమె నుంచి వారానికో మెసేజ్ వచ్చేది, బాగున్నారా అని. బాగున్నాననేవాణ్ణి. సత్యం మీద నా థీసిస్‌లో అప్పటికి ఇంకో అధ్యాయం పూర్తయింది.

"చేతులు కాలాక ఆకులు పట్టుకోవడం మన వంశంలోనే ఉంది," అంది అక్క. "కానీ నువ్వు ఆకులు కూడా పట్టుకోవడం లేదు కదరా!"

ఏడు నెలలకి ఎడిటర్ దగ్గర్నుంచి మెయిల్ వచ్చింది. పాత వ్యాసాన్ని సవరించి మళ్లీ పంపారు, మీరే చూడాలి అని. పేరు లేదు. తెరిచాను. ఆస్పత్రి వరండా ఉంది, వ్యాన్ ఉంది. చివరి పేరాలో ఇలా ఉంది: "క్షమించడం ఆ వరండాలోనే అయిపోయింది. ఎదురుచూడటం మాత్రం ఇప్పటికీ అవలేదు. గేటు చప్పుడైతే మా నాన్న ఇప్పటికీ లేచి చూస్తారు. క్షమాపణకి ఎదుటివాడి రాక అక్కర్లేదని నేను రాశాను, నిజమే. క్షమించినవాడికి మాత్రం అది కావాలి. ఇది నాకు చూపించింది రెండో రివ్యూయర్."

కింద చిన్న అక్షరాల్లో ఒక వివరణ. "ఆయన చెప్పిన 531వ పేజీ ఇప్పుడు అందరూ వాడే కొత్త ముద్రణలో దొరకదు. అది 480 పేజీలకే అయిపోతుంది. పాత ప్రతిలో ఉంది. ఆ పేజీలో ఒక వాక్యం కింద పెన్సిల్ గీత కూడా ఉంది."

తల కొట్టేసినట్టయింది. ఆ గీత నాది. ఆ పుస్తకం చదివేది మేమిద్దరమే. ఊరు వదిలాక ఆ ప్రతి ఆమె చేతికి అందే వీలే లేదు. అంటే చివరి రోజు, "నాతో ఏమైనా చెప్పాలా," అని అడిగినప్పటికే ఆమెకి అంతా తెలుసు!

ఎడిటర్‌కి రెండు వాక్యాలు రాశాను. రాసింది ఎవరో నాకు తెలుసు, నేను తీర్పు చెప్పకూడదు, ఇంకొకరికి పంపండి అని. గొడుగు చంకలో పెట్టుకుని బస్సెక్కాను.

తొమ్మిది గంటల ప్రయాణం. ఆమె కాలేజీ మెట్ల దగ్గర నిలబడ్డాను. వాన. గొడుగు తెరవాలన్న ఆలోచన కూడా రాలేదు. క్లాసు అయిపోయి బయటికొచ్చి నన్ను చూసి ఆగిపోయింది.

"గొడుగు మర్చిపోయారు," అన్నాను.

"మర్చిపోలేదు. వదిలేసి వచ్చాను. అది ఇవ్వడానికైనా వస్తారని."

"రెండో రివ్యూయర్ని నేనే. మీదని తెలియక రాశాను. తెలిశాక చెప్పలేదు, అదే పెద్ద తప్పు. మీ ఉద్యోగం పోయింది నా వల్లే. క్షమించమని అడగడానికి వచ్చాను."

ఆమె కళ్లు నిండిపోయాయి.

"ఆ పేజీ తిప్పిన రోజు ఒళ్లు మండింది. మూడు రోజులు ఏడ్చాను. నాలుగో రోజుకి క్షమించేశాను. ఆ తర్వాత ఏడు నెలలు పట్టింది మీకు, మహానుభావా!"

"ఇంకొకటి కూడా ఉంది. మీరంటే నాకు ఇష్టం. ఇష్టమంటే, ఒంటిగంటకి పుస్తకం తోస్తే తీసుకునేవాళ్లు లేక పిచ్చెక్కిపోయేంత."

"అది మనసులో ఎప్పుడు అనుకున్నారు?"

"మొదటి రోజే."

"మీ లెక్క ప్రకారం అప్పుడే చెప్పినట్టు," అని కళ్లు తుడుచుకుంటూ నవ్వింది. "నేనూ మొదటి రోజే. లేకపోతే ఆ పుస్తకం కోసం అంత లాగుతానా? తడిసిపోతున్నావు, లోపలికి రా."

నువ్వు అంది! వానలో నిలబడే నవ్వేశాను.

ఇంతలో ఫోన్ తీసింది. "నాన్నా... వచ్చాడు."

అటువైపు గొంతు నాకూ వినిపించింది. "ఎవరమ్మా? డ్రైవరా?"

"కాదు నాన్నా. రివ్యూయర్. నీకు చెప్పాను చూడు, అతను."

ఆయన అన్నారు. "ఎవరో ఒకరు వచ్చారు కదమ్మా. కూర్చోబెట్టు. ఏమైనా తిన్నాడేమో అడుగు."