పోలిరాజు కూతురు కాదు

"ఎవుడీ పోలిరాజు?"

రెవెన్యూ ఆఫీసు కౌంటర్ మీద సర్టిఫికెట్ చరిచి అరిచింది పాంగి రోజారమణి. కంప్యూటర్ ఆపరేటర్ తలెత్తలేదు. వెనక లైన్లోంచి మాత్రం జవాబొచ్చింది.

"మా అయ్య. కాస్త మర్యాదిచ్చి మాటాడు."

తిరిగి చూసింది. వానకి తడిసిన జుట్టు, చేతిలో కారు తాళాలు. కిల్లో గుణశేఖర్ అట, మధురవాడలో క్యాబ్ నడుపుతాడట.

"మీ అయ్యకి నా ఎస్టీ సర్టిఫికెట్లో ఏటి పని?"

అతను కాగితం అందుకుని చదివాడు. పేరు పాంగి రోజారమణి. తండ్రి కిల్లో పోలిరాజు. నవ్వాపుకోలేక తన సర్టిఫికెట్ చూపించాడు. లింగం: స్త్రీ.

"మనిద్దరం అక్కాసెల్లెళ్లం!"

"నవ్వకు! మా అయ్య తవిటయ్య పోయి రెండేళ్లయింది. ఈళ్లు కాగితమ్మీద కూడా సంపేసినారు. శుక్రవారం హాస్టల్ వార్డెన్ ఉద్యోగానికి వెరిఫికేషను. ఇది సూపిత్తే దొంగ ఎస్టీ అని గెంటేత్తారు."

అతని నవ్వు ఠక్కున ఆగింది. అది ఆమెకు నచ్చింది. కోపంలో ఉంది కాబట్టి ఒప్పుకోలేదు.

"మళ్లీ అప్లికేషన్ పెట్టుకోండమ్మా," అన్నాడు ఆపరేటర్. "ఎంక్వైరీకి నెలన్నర పడుతుంది."

"తప్పు కొట్టడానికి నీకు నిమిషం. దిద్దడానికి నెలన్నరా?"

"సంతకం పెట్టి తీసుకుంది మీరే కదా."

కిటికీ మూసేశాడు. లంచ్ టైమట. పదకొండున్నరకి!

కొండ దిగొచ్చిన మనిషి తానెవరో పదిసార్లు రుజువు చేసుకోవాలి. తప్పు కొట్టినవాడు మాత్రం సీట్లోంచి లేవక్కర్లేదు. ఇదీ మన ఆఫీసుల న్యాయం.

టీకొట్టు దగ్గర గుణశేఖర్ బుర్ర గోక్కున్నాడు. "అప్లికేషన్ పెట్టిన రోజు లైన్లో నా ముందర గురువమ్మని ఒకావిడ, నా ఎనక నువ్వు. ఆడు మనిషి మనిషికీ కొత్త ఫారం తెరవలేదు. ముందరోళ్ల ఫారం మీదే పేరూ ఫోటో మార్సి కొట్టేసినాడు. మార్సడం మరిసిపోయినవన్నీ ఎనకోళ్లకి అంటుకున్నాయి."

"అయితే మనమిద్దరమే కాదు. ఆ రోజు లైనంతా మునిగిపోనాది!"

"అదే సెల్లీ, అదే."

"ఇంకోసారి సెల్లీ అన్నావంటే ఈ టీ నీ మొకమ్మీద పోత్తాను."

"అననులే." గ్లాసులోకి చూస్తూ గొణిగాడు. "నాకూ అనాలని లేదు."

రేకు మీద వాన దబదబలాడింది. ఆమె చెవులు వేడెక్కాయి. టీ వల్లేననుకుంది.

రెండు రోజులు అతని క్యాబ్‌లో తిరిగారు. తెగ సంఘం వాట్సాప్ గ్రూపులో కబురు పెట్టారు. వన్ టౌన్ సందుల్లో కొందరు, తగరపువలసలో కొందరు, మొత్తం ఇరవై ముగ్గురు దొరికారు. ఒకడికి ఊరు మారిపోయింది, ఒకామెకి తెగే మారిపోయింది.

గురువారం ఆఫీసర్ గదిలో అందరూ ఆ రోజు నిలబడ్డ వరసలోనే నిలబడ్డారు.

"గొడవ చేస్తే పోలీసుల్ని పిలుస్తాను!"

"పిలవండి బాబూ, ఆళ్ల ముందరే సదువుతాం," అంది రోజారమణి. "గురువమ్మ ఆడతనం ఈయనకొచ్చింది. ఈయన అయ్య నాకొచ్చినాడు. లైన్ సివరిదాకా సూడండి!"

తొమ్మిదో కాగితం దగ్గర ఆఫీసర్ కళ్లద్దాలు తీశాడు. సాయంత్రానికల్లా అన్నీ దిద్దమని ఆపరేటర్ మీద కేకలేశాడు. తర్వాత ఆమె వైపు చూశాడు.

"తండ్రి పేరు మార్చాలంటే మాత్రం ఈ పోలిరాజే వచ్చి చెప్పాలి. నువ్వు తన కూతురివి కాదని."

"మా అయ్య పాత ఎస్టీ సర్టిఫికెట్ మీ బల్ల మీదే ఉంది కదా బాబూ!"

"రూల్ రూలే."

గుణశేఖర్ ఫోన్ చేశాడు. గంటలో పోర్టు నుంచి కలాసీ బట్టల్లోనే పరిగెత్తుకొచ్చాడు పోలిరాజు. రోజారమణిని ఎగాదిగా చూశాడు.

"మా కిల్లోలది పులి వంశం బాబూ, ఈ పిల్ల పాంగోళ్లది గద్ద వంశం. నాకు కూతురెలాగవుద్ది? కాదని రాసుకోండి." కాస్త ఆగాడు. "కోడలైతే నాను కాదనను. అది కూడా రాసుకోండి. రెండ్రోజులుగా మా గుంటడు ఇంట్లో ఈ పిల్ల పేరే జపిత్తన్నాడు."

గది గదంతా గొల్లుమంది. గుణశేఖర్ కిటికీలోంచి వాన చూడసాగాడు, ఎప్పుడూ వాన చూడనట్టు.

సాయంత్రం కొత్త సర్టిఫికెట్ చేతికొచ్చింది. తండ్రి: పాంగి తవిటయ్య. రోజారమణి ఆ అక్షరాల మీద వేలు పెట్టి రెండుసార్లు చదువుకుంది, కళ్లు తుడుచుకుంది. పక్కన గుణశేఖర్ ఆమెనే చూస్తున్నాడు.

"ఏటా సూపు? నీ కాగితం ఇంకా రాలేదు. అందాకా నువ్వు ఆడదానివే. అది దిద్దించుకొచ్చి, మా అమ్మతో మాటాడు."