తలుపు మీద ఐదో నెల

"పన్నెండూ పదికి వియన్నా రైలు కదులుతుంది. అది కదిలేలోగా వెలెవ్ చేతికి బేడీలు పడాలి," అన్నాడు కల్నల్ ట్రాంకోవ్.

 రాయ్నా మొహం కదల్లేదు. రహస్య పోలీసులో ఇరవై ఏళ్ల సర్వీసు మరి.

"ఏం పంపిస్తున్నాడు, కామ్రేడ్ కల్నల్?"

"రాడార్ స్టేషన్ల మ్యాపులు. మైక్రోఫిల్మ్. పరాయి దేశపు గూఢచారి ఆ రైల్లో ఉంటాడు. పొద్దున్నే సిగ్నల్ కూడా పెట్టాడట, తన తలుపు మీదే. పెళ్లాం చావు కాగితం."

"ఎవరు చెప్పారు?"

"'లిల్లీ' ఫోన్ చేసింది. మన ఏజెంటే. ఎవరో నీకక్కర్లేదు. నువ్వెళ్లి టైపు కొడుతూ కూర్చో, ముసలాణ్ణి గడప దాటనివ్వకు. పదకొండున్నరకి మనవాళ్లొస్తారు. ఈ నేరానికి శిక్షేమిటో తెలుసుగా?"

తెలుసు. ఓ గోడ, ఆరు తుపాకులు.

కాలిన్ వెలెవ్ ఒకప్పుడు రాజధాని సోఫియాలో పేరు మోసిన డైరెక్టరు. నాలుగు సినిమాలు తీశాడు. మూడింటికి జనం టికెట్ల కోసం కొట్టుకున్నారు. నాలుగోది పైవాళ్లకి నచ్చలేదు. ఎందుకు నచ్చలేదో ఎవరూ చెప్పలేదు, ఆయన్ని అడగనివ్వనూ లేదు. రీళ్లూ ఫోటోలూ అన్నీ స్టూడియో వెనక తగలబెట్టారు. అప్పట్నించి పదహారేళ్లుగా ఇంట్లో కూర్చుని పరాయి నవలలు తన భాషలోకి తెస్తున్నాడు పాపం. మొదటి ఏడు పుస్తకాల మీద పేరు కూడా వేయలేదు. "ఇదీ డైరెక్షనే అమ్మాయ్, ఇంకొకడి మనుషుల చేత మన మాట పలికించడం," అని నవ్వేవాడు.

రాయ్నా ఆ ఇంట్లో టైపిస్టు వేషం వేసి ఎనిమిది నెలలైంది. లిప్‌స్టిక్‌లో దాచిన కెమెరాతో ప్రతి పేజీ ఫోటో తీసింది. రహస్యం ఒక్కటీ దొరకలేదు. కనిపించిందల్లా ఒకటే: భార్య ఎలిత్సా పోయాక, ఆయన రాసే వరసలు పేజీ చివరికొచ్చేసరికి కిందికి వాలిపోతున్నాయి.

మూడో అంతస్తు ఎక్కేసరికి తలుపు ముందు పక్కింటి పెనా ముసలమ్మ నడుం మీద చేతులేసుకుని నిలబడి ఉంది. తలుపు మీద నల్ల అంచు కాగితం, మధ్యలో ఎలిత్సా ఫోటో.

"చూశావటే రాయ్నా ఈ చోద్యం! నాకా కళ్లు సరిగ్గా ఆనవు. నువ్వే చదువు."

"'మా ఎలిత్సా మమ్మల్ని విడిచి ఐదు నెలలు.'"

"ఐదేమిటే, ఐదు! పోయినవాళ్ల కాగితం తలుపు మీద నలభై రోజులకి వేస్తాం, మూడు నెలలకి, ఆరు నెలలకి, ఏడాదికి. ఐదో నెల కాగితం నా డెబ్బై ఎనిమిదేళ్లలో చూళ్లేదు. ఎవడమ్మా ఆ తలకాయ లేనివాడు?"

రాయ్నా ఆ వాక్యం మరోసారి చదివింది. పెళ్లాన్ని పాతిపెట్టి ఏడ్చినవాడు ఈ తప్పు చేయడు. ఇది మన గడ్డ మీద ఎవరినీ పాతిపెట్టని వాడెవడో రాసిన కాగితం. మరి ఫోటో ఎక్కడిది?

కాగితం ఊడదీసి లోపలికి పరిగెత్తింది. వెలెవ్ కళ్లజోడు సర్దుకుని చూశాడు. 

"ఇది నీకెక్కడిదమ్మాయ్? నా నాలుగో సినిమాలోది. వంతెన మీది సీను, అందులో ఎలిత్సా కూడా వేసింది. నా దగ్గరే లేదు, అన్నీ తగలబెట్టారుగా."

"కత్తిరించిన ఈ అంచున మిగిలిన పూసల చెయ్యి ఎవరిది?"

"నెవెనాది. హీరోయిన్. ఇద్దరూ పక్కపక్కనే నిలబడ్డారు. నిన్న వచ్చి వీడ్కోలు చెప్పి వెళ్లింది, వియన్నాలో షూటింగట."

పదకొండూ ఇరవై. "గడియ పెట్టుకోండి," అని రాయ్నా మెట్లు దూకింది.

స్టేషన్లో ప్లమ్ చెట్లు తెల్లగా విరగబూసి ఉన్నాయి. మార్చి ఒకటిన కట్టుకున్న ఎర్ర తెల్ల దారపు బొమ్మలన్నీ అప్పటికే కొమ్మలకెక్కాయి. పూత కనబడగానే విప్పి చెట్టుకి కట్టెయ్యడం ఊరందరి అలవాటు. నల్ల కళ్లద్దాలు పెట్టుకుని, సరిగ్గా ఆ పూత కిందే నిలబడిన నెవెనా కోటుకి మాత్రం బొమ్మ ఇంకా వేలాడుతోంది. గార్డు విజిల్ వేశాడు. ఆమె మెట్టు మీద కాలు పెట్టింది.

రాయ్నా చెయ్యి చాచి ఆ బొమ్మని దారంతో సహా తెంపేసింది. దాని పొట్టలోంచి బియ్యపు గింజంత ఫిల్మ్ చుట్ట అరచేతిలో పడింది. పక్క పెట్టెలో పేపరు చాటున కూర్చున్న పరాయి మనిషి దూకబోయి, రాయ్నా స్టేషన్లో వెంటబెట్టుకొచ్చిన ఇద్దరు పోలీసుల చేతుల్లో పడ్డాడు.

"నువ్వా, టైపిస్టు పిల్లా!" అంది నెవెనా.

"నేనే, లిల్లీ గారూ. మా వాళ్లంతా ఆయన ఇంటి చుట్టూ చేరితే మీరు తీరిగ్గా రైలెక్కుదామనా? అతికించే ముందు ఆ కాగితం చదివారా?"

"లేదు. నేనిచ్చింది ఫోటో ఒక్కటే, రాసింది ఆ పరాయివాళ్లు. ఎలిత్సా మొహం చూడలేక కళ్లు మూసుకుని అతికించాను."

"ఆయన్ని గోడకి నిలబెట్టడానికి చేతులెలా వచ్చాయమ్మా?"

నెవెనా అద్దాలు తీసింది. ఏడుస్తోంది. "ఆ సినిమాతో పాటే నేనూ కాలిపోయాను. ఆయనకి పుస్తకాలు మిగిలాయి. నాకేం మిగిలింది చెప్పు?"

రాయ్నా స్టేషన్ నుంచి ఫోన్ చేసేసరికి వెలెవ్‌ని కారెక్కించారు. మళ్లీ దింపారు. క్షమించమని ఎవరూ అనలేదు.

ఆ చావు కాగితం గాలికి ఎగిరిపోయిందని రాయ్నా రిపోర్టు రాసింది. ఆమె ఉద్యోగంలో రాసిన మొదటి అబద్ధం అదే. ఆ సాయంత్రమే వెళ్లి దాన్ని ఆయన చేతిలో పెట్టి, తానెవరో చెప్పేసింది.

ఆయన కాగితం అందుకుని బల్ల మీద పెట్టాడు. "నా అక్షర దోషాలు కూడా రిపోర్టులో రాశావా?" అని మాత్రం అడిగాడు.

"లేదండీ. దిద్దేశాను."

నెల తిరిగాక, అసలైన ఆరో నెల నాడు, రాయ్నా మళ్లీ మూడంతస్తులెక్కింది. పెనా పోయినవాళ్ల పేరిట పంచే, పంచదార కలిపిన ఉడికించిన గోధుమలు దోసిట్లో పోసి, తిను అంది. తలుపు మీద కొత్త కాగితం. ఆ ఫోటోనే, అంచున ఉన్న పూసల చెయ్యి కూడా కత్తిరించకుండా. మెట్లెక్కే ప్రతివాళ్లూ ఒక్క క్షణం ఆగి చూసి వెళ్తున్నారు.

పదహారేళ్ల తర్వాత కాలిన్ వెలెవ్ నాలుగో సినిమా విడుదలైంది. ఒకే ఒక్క ఫోటో, ఒకే ఒక్క తలుపు, టికెట్ లేదు.