అసలు తరగని ఇల్లు

తెల్లవారుజామున నాలుగున్నరకే ముర్ని వంటింట్లో పొయ్యి వెలిగేది. కొబ్బరిపాలతో వండిన అన్నం, పక్కన పులియబెట్టిన సోయాగింజలతో చేసిన టెంపే వేపుడు రెండు ముక్కలు, చెంచాడు ఎర్రకారం. కాగితంలో చుట్టి రబ్బరుబ్యాండు వేస్తే పొట్లం తయారు. రోజుకు అరవై పొట్లాలు. సికారాంగ్ ఫ్యాక్టరీల్లో మొదటి షిఫ్టుకు వెళ్ళేవాళ్ళు ఆమె వాకిట్లో బండి ఆపి, దిగకుండానే చెయ్యి చాపి కొనుక్కుపోయేవారు.

ఆ బుధవారం ఆమె చేతులు మామూలు కంటే చురుగ్గా కదులుతున్నాయి. ముందురోజే కూతురు విదురికి నర్సులు, మంత్రసానులను తయారు చేసే అకాడమీలో సీటు వచ్చింది. నాలుగు వందల మంది పరీక్ష రాస్తే నలభై మందిని తీసుకున్నారు. ఆ నలభైలో విదురిది పదకొండో పేరు.

"విదురి నాన్నా, ఇవాళ నేను బ్యాంకుకు వెళ్ళొస్తా," అంది ముర్ని అన్నం వడ్డిస్తూ. "ఇంక నాలుగేళ్ళేగా మిగిలింది. ఇంటి మీద ఇంకాస్త అప్పిమ్మంటే ఇవ్వరా? పిల్ల ఫీజుకి సరిపోతుంది."

ముర్ని భర్త పేరు వస్కితో. అతను బూట్ల తాళ్ళు కట్టుకుంటున్నాడు. తలెత్తలేదు. "ఆ గొడవ నీకెందుకు. శనివారం నేను వెళ్తాలే."

"ఫీజుకి గడువు శుక్రవారం."

"బ్యాంకంటే కూరగాయల బజారనుకున్నావా, వెళ్ళి బేరమాడటానికి?"

"మీరు బేరమాడి తెచ్చిన వంకాయలు నిన్న చూశాంగా. పుచ్చులేని కాయ కోసం గంట వెతికాను."

విదురి పొట్లాల మధ్య కూర్చుని పక్కున నవ్వింది. తండ్రి కూడా నవ్వుతాడనుకుంది. అతను హెల్మెట్ తీసుకుని, పెట్టిన అన్నం అలాగే వదిలి వెళ్ళిపోయాడు.

"మీ నాన్నకు వయసుతో పాటు మొండితనం కూడా పెరుగుతోంది," అంది ముర్ని, ఆ పళ్ళెం తీస్తూ.

ఆ ఇంటి కోసం ఆమె పెట్టింది తక్కువ కాదు. పదకొండేళ్ళ క్రితం ఈ వరుస ఇళ్ళు కట్టినప్పుడు ఒక్కోటి ముప్పై ఒక్క కోట్ల రుపియాలు. అక్కడి రుపియాకు విలువ తక్కువ, అన్నం పొట్లమే వేలల్లో ఉంటుంది. సొంతూరు పుర్వొరెజోలో తండ్రి పంచి ఇచ్చిన వరిపొలం అమ్మి ఆరు కోట్లు ముందు కట్టింది ముర్నియే. మిగతా ఇరవై ఐదు కోట్లు బ్యాంకు ఇచ్చింది. పదిహేనేళ్ళ గడువు. నెలనెలా వస్కితో జీతం యాభై ఎనిమిది లక్షలు రావడం, అందులో ఇరవై ఆరు లక్షలు కిస్తీకి పోవడం, మిగిలినదాంతో, పొట్లాల డబ్బుతో ఇల్లు గడవడం. ఏ పండక్కి ఏం కొనాలన్నా, ఎవరికి జ్వరం వచ్చినా, ముందు కిస్తీ. ముర్నికి అందులో బాధేమీ ఉండేది కాదు. ప్రతి కిస్తీతో ఒక్కో ఇటుక తమదవుతోందని ఆమె లెక్క. పదిహేనులో పదకొండు పోయాయి కాబట్టి, వంటిల్లు, రెండు గదులు ఇప్పటికే తమవి. బ్యాంకుకు మిగిలింది మహా అయితే ముందు వసారా.

తొమ్మిదింటికి తల్లీకూతుళ్ళు బ్యాంకుకు వెళ్ళారు. కౌంటరు అవతల పాతికేళ్ళు దాటని అమ్మాయి, చాలా మర్యాదగా, కంప్యూటర్లో చూసి చెప్పింది.

"మీ అప్పులో ఇంకా ఇరవై కోట్ల పది లక్షలు అసలు మిగిలి ఉందమ్మా. గడువు ఇంకా పదమూడేళ్ళు. దీని మీద కొత్తగా ఇవ్వడానికి కుదరదు."

ముర్ని నవ్వింది. "వేరే ఎవరిదో చూస్తున్నావు తల్లీ. మాది నాలుగేళ్ళే. వస్కితో అని కొట్టు."

"అదే చూస్తున్నానమ్మా." ఆ అమ్మాయి తెరను ఇటు తిప్పింది. "ఏడేళ్ళ క్రితం మీరు కిస్తీ తగ్గించమని అర్జీ పెట్టుకున్నారు కదా. అప్పుడు పాత బకాయిలు, జరిమానాలు అసలులో కలిపి, కొత్తగా ఇరవై ఏళ్ళకు రాశారు."

ఏడేళ్ళ క్రితం. ముర్నికి గుర్తుంది. మొదటి రెండేళ్ళు ఒకటే వడ్డీ అన్నారు. మూడో ఏడు వడ్డీ మారి, కిస్తీ ఒక్కసారిగా ముప్పై లక్షలు దాటింది. ఎలాగో మోశారు. ఆ తర్వాత ఫ్యాక్టరీకి పని లేక వస్కితోను ఆరు నెలలు ఇంట్లో కూర్చోబెట్టారు. బ్యాంకువాళ్ళు దయతలచి కిస్తీ ఇరవై ఆరు లక్షలకు తగ్గించారని అతను చెప్పిన రోజు ఆమె కోడి పులుసు వండింది.

"మరి మేం కట్టిందంతా?" అంది. "ఒక్క నెల తప్పకుండా కట్టాం ఈ ఏడేళ్ళూ."

"తప్పలేదమ్మా. కానీ ముందు వడ్డీ, తర్వాతే అసలు." ఆ అమ్మాయి ఒక కాగితం ప్రింటు తీసి విదురి ముందు పెట్టింది. ఎవరికి అర్థమవుతుందో ఆమెకు తెలిసినట్టుంది. విదురి వేలితో ఒక్కో వరుసా చివరిదాకా చూసింది.

"అమ్మా," అంది చివరికి, చిన్నగా. "మార్చిన మొదటి నెలలో మనం కట్టిన ఇరవై ఆరు లక్షల్లో ఇరవై నాలుగు లక్షలు వడ్డీకే పోయింది. అసలులో తగ్గింది రెండు లక్షలు."

"రెండు లక్షలా?"

"ఈ పదకొండేళ్ళలో మొత్తం ముప్పై ఐదు కోట్లు కట్టాం. తీసుకున్నది ఇరవై ఐదు. ఇంకా ఇరవై ఉంది. అది తీరేలోపు ఇంకో నలభై కోట్లు కట్టాలి."

పొలం డబ్బుతో కలిపితే ముప్పై ఒక్క కోట్ల ఇంటికి ఎనభై కోట్లు దాటుతుందని విదురి చెప్పలేదు. ముర్నియే కూడుకుంది. పొట్లాల లెక్కలు రోజూ చేసే మనిషికి కూడికలు కష్టం కాదు.

"నాకు చెప్పకుండా ఆయన ఎలా మారుస్తాడు? పొలం నాది కదా పోయింది," అంది ఆమె.

బ్యాంకు అమ్మాయి ఫైలు తెప్పించి, ఒక పేజీ తెరిచి చూపించింది. వస్కితో సంతకం పక్కన, కొంచెం ఏటవాలుగా, తన సంతకం. ఆ రోజు ఎక్కడెక్కడ సంతకం పెట్టాలో పసుపు చీటీలు అంటించి ఇచ్చారు. పదకొండు చీటీలు. స్కూలు వదిలే వేళైందని, విదురి గేటు దగ్గర ఒక్కతే ఉంటుందని, ఆమె గబగబా పెట్టేసి వచ్చింది.

మూడున్నరకు వస్కితో ఇంటికొచ్చేసరికి పొయ్యి చల్లగా ఉంది. బల్ల మీద ఆ కాగితం ఉంది. దాన్ని చూడగానే అతను కుర్చీలో కూర్చుండిపోయాడు. అది ఏమిటని అడగలేదు. అడగకపోవడమే ముర్నికి అన్నీ చెప్పింది.

"మీకు తెలుసు."

"ముర్నీ."

"ఎప్పట్నుంచి?"

"మూడేళ్ళైంది. బోనస్ వచ్చినప్పుడు కొంత ముందే కట్టేద్దామని వెళ్ళాను. అప్పుడు చూపించారు."

"ఆ బోనస్ ఏమైంది? తక్కువిచ్చారని చెప్పారు నాకు."

"అసలులో కట్టేశాను. జరిమానా పోను. ముందు కడితే కూడా జరిమానా ఉందట. సముద్రంలో చెంబెడు నీళ్ళు పోసినట్టయింది."

"మూడేళ్ళు. మూడేళ్ళు నా చేతి అన్నం తింటూ, నేను నాలుగేళ్ళు, నాలుగేళ్ళని పాట పాడుతుంటే వింటూ కూర్చున్నారు."

"చెప్తే ఏం చేసేదానివి?"

"ఏడ్చేదాన్ని. కనీసం అదైనా సమయానికి చేసేదాన్ని కదా."

విదురి గదిలోకి వెళ్ళబోయింది. "ఉండు, నువ్వూ విను," అంది తల్లి. గొంతు పెంచలేదు. ఆమె గొంతు పెంచితే బాగుండుననిపించింది వస్కితోకి.

"దీనికి ఎనిమిదేళ్ళున్నప్పుడు ఇంకొక బిడ్డ కావాలన్నాను. గుర్తుందా? ఏమన్నారు?"

అతను కాగితం వైపే చూస్తున్నాడు.

"చెప్పండి, ఏమన్నారు?"

"ఇల్లు మనదయ్యాక అన్నాను."

"నేనూ సరేనన్నాను. తినే నోరు ఇంకొకటి వస్తే కిస్తీ కట్టలేమని నేనూ అనుకున్నాను. మళ్ళీ అడిగాను, మళ్ళీ అదే అన్నారు. ఇప్పుడు నాకు నలభై మూడు. ఎవరికి ఇచ్చాం ఆ బిడ్డని? ఎంత వడ్డీకి ఇచ్చాం?"

వస్కితో రెండు చేతులతో ముఖం కప్పుకున్నాడు. ప్రెస్సు మెషిన్ దగ్గర ఇరవై ఏళ్ళు పనిచేసిన చేతులు, గోళ్ళ కింద నల్ల నూనె ఎంత తోమినా పోనిది.

"నేను చదువుకోలేదు ముర్నీ. ఆ బ్యాంకాయన ఏదో చెప్పాడు, ఇరవై ఏళ్ళు, శాతం, ఏదో. నాకు ఒక్కటే వినపడింది, కిస్తీ తగ్గుతుందని. ఆ నెల ఇంట్లో బియ్యం లేవు. తగ్గుతుందన్నవాడు దేవుడిలా కనిపించాడు."

ఆ నెల బియ్యం లేవన్నది నిజం. పదకొండు చీటీల దగ్గర తన సంతకం ఉన్నదీ నిజం.

అప్పుడు విదురి అడిగింది. "నాన్నా, ఫ్యాక్టరీలో యాభై ఐదుకి పంపించేస్తారు కదా?"

"అవును."

"మీకిప్పుడు నలభై తొమ్మిది. ఆరేళ్ళు. కట్టాల్సింది పదమూడేళ్ళు. ఆ తర్వాత ఏడేళ్ళు ఎవరు కడతారు?"

పక్కింటావిడ గోడ అవతల బట్టలు దులుపుతున్న చప్పుడు వినపడుతోంది.

వస్కితో కూతురి ముఖంలోకి చూడలేక నేల మీదికి చూస్తూ అన్నాడు. "మూడో లైన్లో ఆడపిల్లల్ని తీసుకుంటున్నారు. సూపర్వైజరుతో మాట్లాడి పెట్టాను. అకాడమీకి ఏముందమ్మా, రెండేళ్ళు పనిచేశాక అయినా..."

"ఎప్పుడు మాట్లాడారు?" అంది ముర్ని.

"పరీక్ష రాయకముందు."

పిల్ల తెల్లవారుజాము దాకా కూర్చుని చదువుతుంటే, నిద్రకళ్ళతో పొట్లాలకు రబ్బరుబ్యాండ్లు వేస్తుంటే, తండ్రి అప్పటికే ఆమెను మెషిన్ దగ్గర నిలబెట్టేశాడు. ముర్నికి కోపం రాలేదు. కోపం దాటిపోయింది. మొగుడు చెడ్డవాడైతే ఎంత సుఖంగా ఉండేదో అనుకుంది. తిట్టి, ఏడ్చి, ఎవరితోనైనా చెప్పుకునేది. ఇతను చెడ్డవాడు కాదు. లెక్క తేలక, చివరికి చేతికి దొరికిన మనిషిని లెక్కలో వేసుకున్నవాడు.

"సరే నాన్నా, వెళ్తాను," అంది విదురి. "ఇల్లు పోగొట్టుకుంటామా ఏంటి."

ఆ మాటకు ముర్ని లేచి నిలబడింది. ఎంత మామూలుగా అంది పిల్ల, ఉప్పు తెమ్మంటే తెస్తానన్నట్టు. పదకొండేళ్ళ క్రితం తనూ పొలం అమ్ముతానని అలాగే అంది. బిడ్డ వద్దులే అని కూడా అలాగే అంది.

"నువ్వెక్కడికీ వెళ్ళవు. ఇల్లు అమ్మేద్దాం."

వస్కితో తలెత్తాడు. "పిచ్చా నీకు? ఇన్నాళ్ళు కట్టి?"

"ఇన్నాళ్ళు కట్టాం కాబట్టే ఇంకా కడుతున్నాం. కట్టిందానికి ఏడుస్తూ కట్టాల్సింది కూడా కట్టుకుంటూ పోతే, ముందు నా బిడ్డ పోయింది, ఇప్పుడు దీని బతుకు పోతుంది. నేనివ్వను."

"నలుగురూ ఏమంటారు?"

"నలుగురిలో ఒక్కడు కిస్తీ కడతాడేమో అడిగి రండి."

ఆ శుక్రవారం ఫీజు ముర్ని చేతి గాజులతో తీరింది. ఇల్లు అమ్ముడుపోవడానికి నాలుగు నెలలు పట్టింది. నలభై ఒక్క కోట్లకు పోయింది. బ్యాంకుకు, జరిమానాకు, పన్నులకు, మధ్యవర్తికి పోను పంతొమ్మిది మిగిలింది. వాళ్ళు పెట్టింది అంతకు రెట్టింపు పైనే. కొన్నవాళ్ళు కొత్తగా పెళ్ళైన జంట. వాళ్ళూ బ్యాంకు అప్పుతోనే కొన్నారు. ఆ అమ్మాయి వంటింట్లో తిరుగుతూ ఇక్కడ అల్మారా, ఇక్కడ పొయ్యి అని చూపిస్తుంటే, ముర్ని ఆమె చెయ్యి పట్టుకుని పక్కకు లాగింది.

"ఏం రాశారో మొత్తం చదువు. నిదానంగా చదువు. అర్థంకాకపోతే సిగ్గుపడకుండా అడుగు."

"అంతా మా ఆయన చూసుకున్నారక్కా," అంది ఆ అమ్మాయి సంతోషంగా.

బజారు వెనక సందులో రెండు గదుల ఇల్లు అద్దెకు తీసుకున్నారు. విదురి హాస్టల్లో చేరింది. సందులో బండి ఆపడానికి చోటు లేక పొట్లాలు ముప్పైకి పడిపోయాయి. వస్కితో చాలా రోజులు తలవంచుకుని వచ్చి, తలవంచుకుని వెళ్ళాడు. ముర్ని అన్నం పెట్టేది, బట్టలు ఉతికేది, మాట మాత్రం అవసరమైతేనే.

నెలాఖరున అతను జీతం తెచ్చి చాప మీద పెట్టాడు. అద్దె తొమ్మిది లక్షలు తీసి పక్కన పెట్టాక, మిగతా నోట్ల వైపు ఇద్దరూ చూస్తూ కూర్చున్నారు. ఇన్నేళ్ళలో మొదటిసారి ఆ డబ్బు ఎక్కడికీ పోవాల్సిన పని లేదు. అది చూస్తూ అతనికి ఏడుపు ఆగలేదు. పెద్దగా, పిల్లవాడిలా ఏడ్చాడు.

"నన్ను క్షమించగలవా ముర్నీ?"

అబద్ధం చెప్పడం సులువే. కానీ ఈ ఇంట్లో ఇక అబద్ధం వద్దనుకుంది.

"ఇంకా లేదు," అంది. తన కళ్ళు కూడా తుడుచుకుని, అతని ముందు పళ్ళెం పెట్టింది. "నన్ను నేనే క్షమించుకోలేదు. తినండి."

అతను తిన్నాడు. ఆమె కూడా, చాలా నెలల తర్వాత, అతని ఎదురుగా కూర్చుని తింది.