క్యాలెండర్‌లో లేని పేరు

"ఈరోజు నీ పేరు కారెల్," అన్నాడు కర్నల్ హవ్రానెక్, ఫైల్లోంచి తల ఎత్తకుండానే. "కారెల్ బోడా. రేడియేటర్లు బాగుచేసే మెకానిక్‌వి."

నెక్లాన్ సెడ్మెరాకి ఒళ్ళు మండింది. ఐదేళ్ళ సర్వీసులో ఇది పదిహేడో పేరు.

"ఒక్కసారైనా నన్ను నా పేరుతో పంపకూడదా సార్?"

"నీ పేరుతోనా? నెక్లాన్ అని ఒక్కసారి విన్నవాడు చచ్చేదాకా మర్చిపోతాడా? గూఢచారికి పెట్టాల్సిన పేరేనా అది? మీ ఇంట్లోవాళ్ళకి వేరే పేరే దొరకలేదా?"

"మా తాత పెట్టాడు సార్."

"ఆయన్ని అప్పుడే లోపల వేసుండాల్సింది. సరే, విను."

ఫైల్ మీద 'నీటికాకి' అని రాసుంది. అది ఒక విదేశీ ముఠాకీ, దాన్ని పట్టే ఈ పనికీ ఆఫీసు పెట్టుకున్న పేరు. కమ్యూనిస్టుల కాలంలోనే ఆ ముఠా పదకొండు మందిని దొంగ జనన పత్రాలతో చెక్ దేశంలోకి దింపింది. వాళ్ళలో ఒకడు ఇప్పుడు మంత్రిగారి పక్కనే కూర్చుంటున్నాడు. దింపేటప్పుడు ముఠా అతితెలివికి పోయింది. అచ్చం పాతకాలపు చెక్ కుటుంబాల్లా ఉండాలని పదకొండు మందికీ అరుదైన పురాతన నామాలు ఏరి మరీ పెట్టింది.

"అక్కడే బోల్తా పడ్డారు," అన్నాడు కర్నల్. "ఆ రోజుల్లో పిల్లాడికి అరుదైన పేరు పెట్టాలంటే నిపుణుడి కాగితం కావాలి. దేశం మొత్తానికీ ఆ నిపుణుడు ఒక్కడే, ప్రొఫెసర్ మజానెక్. ఇచ్చిన ప్రతి కాగితానికీ ఆయన దగ్గర ఒక కార్డుంది. కార్డు లేదంటే ఆ జననం దొంగదే. మధ్యాహ్నం మూడింటికి జడ్జి ముందు కార్డులు పెట్టి చెప్తాడు. ఈలోపే ఆయన్ని లేపెయ్యాలని ముఠా చూస్తోంది."

"ఎక్కడున్నాడు?"

"జిజ్కొవ్ పేటలో, నాలుగో అంతస్తు. అడ్రసు తెలిసింది ముగ్గురికే. నేను, మన సిల్వియె, ఇప్పుడు నువ్వు. రెండున్నరకి బ్ర్నో శాఖ నుంచి లెఫ్టినెంట్ వచ్చి ఆయన్ని తీసుకెళ్తాడు, అతనికి అడ్రసు చివరి నిమిషంలోనే చెప్తాం. అప్పటిదాకా ఆయన ప్రాణం నీ చేతుల్లో ఉంది. బ్ర్నో వాళ్ళతో మర్యాదగా ఉండు. కిందటిసారి నీ ముఖం చూసి కంప్లైంట్ రాశారు."

నెక్లాన్ కోటు లోపలి జేబు తడుముకున్నాడు. అందులో పేరు మార్పు దరఖాస్తు ఉంది. నెక్లాన్ కొట్టేసి పేటర్ అని పెట్టుకుంటాడు. ఈరోజు నాలుగింటిలోపు రిజిస్ట్రీలో ఇచ్చెయ్యాలనుకుంటే, సరిగ్గా ఈరోజే ఈ పని తగలాలా!

* * *

నకిలీ మీసం, బ్లూ డ్రెస్సు, పదిహేను కిలోల పనిముట్ల సంచీ. ట్రామ్ దిగేసరికి మంచు కరిగిన బురద బూట్లలోకి దిగింది. మూలమీది పూలకొట్టు ముందు పలక మీద సుద్దతో రాసుంది: 'నేడు ఓల్డ్రిఖ్'.

ఆ పలకని చూస్తే నెక్లాన్‌కి చిన్నప్పటినుంచీ మంట. ఈ దేశంలో క్యాలెండర్లో ప్రతి తేదీ కిందా ఒక పేరుంటుంది. ఆ పేరున్నవాడికి ఆ రోజు పండగ. పొద్దున్నే తల్లి ముద్దు, పూలు, ఆఫీసులో శాండ్‌విచ్చులు, ప్లమ్ సారా. బళ్ళో పిల్లలందరికీ ఏడాదికొక రోజు చాక్లెట్లు వచ్చేవి. నెక్లాన్ మాత్రం జనవరి నుంచి డిసెంబరు దాకా వేలు పెట్టి వెతికేవాడు. ఒక్కసారి కాదు, ఏటా వెతికేవాడు, ఏమో, ఈసారైనా చేర్చారేమోనని. వెతికి వెతికి మూడు వందల అరవై ఐదు రోజులూ నోటికొచ్చేశాయి. తన పేరు మాత్రం కనబడలేదు. అందుకే పెద్దయ్యాక ఎవరి పండగకీ శుభాకాంక్షలు చెప్పడం మానేశాడు. తనకి ఎవడు చెప్పాడు గనక?

లిఫ్ట్ లేదు. నాలుగంతస్తులూ మోసుకెళ్ళి తలుపు కొట్టాడు.

"ఈ చలిలో కార్ప్ చేప దొరుకుతుందా?" అంది లోపలి గొంతు.

"క్రిస్మస్ అయిపోయింది, స్నానాలతొట్టి ఖాళీ," అన్నాడు రొప్పుతూ.

కోడ్ సరిపోయింది, తలుపు తెరుచుకుంది. డెబ్బై ఏళ్ళ మనిషి, రెండు స్వెటర్లు, చేతిలో గరిటె. గది నిండా చెక్క డ్రాయర్లు. స్టవ్ మీద పప్పు సూప్ ఉడుకుతోంది.

"మెకానిక్ వేషమేనా, లేక పని కూడా వచ్చా? రెండు రోజుల్నుంచి రేడియేటర్ చచ్చింది నాయనా," అన్నాడు ప్రొఫెసర్ యోసెఫ్ మజానెక్.

"వేషమే సార్."

"అదే అనుకున్నా. మీ ఆఫీసు ఇంతకన్నా ఏం చేస్తుందిలే."

నెక్లాన్ కిటికీ తెర సరిచేసి లైటర్ తీశాడు. అందులో ట్రాన్స్‌మిటర్ ఉంది. "హలో, నీటికాకి ఒకటి మాట్లాడుతున్నా." అవతల్నుంచి ఎక్కడిదో బ్యాండుమేళం వినబడింది. మళ్ళీ నొక్కాడు, మళ్ళీ బ్యాండుమేళమే. కనీసం సిగరెట్ వెలిగిద్దామంటే అదీ వెలగలేదు.

"కారెల్, ఉప్పు అందుకో," అన్నాడు ప్రొఫెసర్. "కారెల్!"

"ఆఁ? నన్నా?"

"నువ్వు కారెల్‌వి కాదు. ముప్ఫై ఏళ్ళు పేర్లతోనే బతికాను, నా దగ్గరా? అసలు పేరు చెప్పు."

ఆవిరికి మీసం ఒక పక్క ఊడి వేలాడుతోంది. దాన్ని లాగి విసిరేశాడు నెక్లాన్. విసుగొచ్చేసింది.

"నెక్లాన్! చాలా? నవ్వుకోండి."

ప్రొఫెసర్ నవ్వలేదు. గరిటె కింద పెట్టేశాడు.

"నెక్లానా! నా సర్వీసు మొత్తంలో రెండే నెక్లాన్లు ఇచ్చాను నాయనా. ఒకడు చిన్నప్పుడే పోయాడు. నువ్వు రెండోవాడివి. అరవై ఒకటిలో ఒక బడిపంతులు నా ఆఫీసుకి మూడుసార్లు వచ్చాడు. చిరిగిన బ్రీఫ్‌కేసు, జేబులో సుద్దముక్కలు."

"మా తాతే."

"రెండుసార్లు కుదరదని పంపేశాను. మూడోసారి వచ్చి సాయంత్రం దాకా కుర్చీలోంచి లేవలేదు. అర్థం తెలుసా నీకు? వంగనివాడు అని. ఎక్కువమంది ఒప్పుకున్న అర్థం అదే."

"అర్థం ఎవడిక్కావాలి సార్! కథ తెలుసుగా? శత్రువు దండెత్తి వస్తే నెక్లాన్ రాజు గజగజ వణికిపోయాడు. ఇంకొకడికి తన కవచం తొడిగి, తన గుర్రం ఎక్కించి పంపించాడు. వాడెళ్ళి గెలిచి చచ్చాడు. ఈయన కోటలో బతికిపోయాడు. ఆ పాఠం చెప్పినరోజు క్లాసంతా నావైపే తిరిగింది. బడి వదిలేదాకా నన్ను 'ఒరే పిరికి రాజా' అనే పిలిచారు. మనవడికి పెట్టడానికి ఆయనకి పిరికివాడి పేరే దొరికిందా?"

"అడగలేదా ఆయన్ని?"

"అడిగే వయసు వచ్చేసరికి పోయాడు."

"కారణం నేను కార్డు మీద రాసుకున్నాను. 'న' డ్రాయర్ లాగు."

నెక్లాన్ డ్రాయర్ లాగి బల్ల మీద పెట్టాడు. గట్టి ఓక్ చెక్క, నిండా కార్డులు. రెండు కార్డులు తిప్పాడో లేదో బెల్ మోగింది. గడియారం రెండే చూపిస్తోంది. అరగంట ముందే వచ్చారు.

* * *

"ఈ చలిలో కార్ప్ చేప దొరుకుతుందా?" అన్నాడు నెక్లాన్ తలుపు వెనకనుంచి.

"క్రిస్మస్ అయిపోయింది, తొట్టి ఖాళీ. తియ్యి బాబూ, గడ్డకట్టి చస్తున్నా," అంది తెలిసిన గొంతు.

సిల్వియె. కర్నల్ తర్వాతి స్థానం ఆమెదే. నక్కతోలు కోటు, ఎర్ర లిప్‌స్టిక్. ఆమె నడిచొస్తే మూడో విభాగంలో టైపింగ్ ఆగిపోతుంది. వెనక పొడవాటి మనిషి, చేతిలో తోలు ఫోల్డర్.

"ఇదేం అవతారం నెక్లాన్! సగం మీసం జిగురు ఇంకా ముఖానే ఉంది," అని నవ్వింది. "ఈయన లెఫ్టినెంట్ ష్కోపెక్, బ్ర్నో నుంచి. ప్లాన్ మారింది, ఇప్పుడే బయల్దేరాలి."

నెక్లాన్ గుర్తింపు కార్డు తీసుకుని చూశాడు. ముద్ర సరిగ్గా ఉంది, నంబరు సరిగ్గా ఉంది. కోడ్ సరిపోయింది. పైగా సిల్వియే స్వయంగా తీసుకొచ్చింది. ఇంక అనుమానించడానికి ఏముంది?

"ప్రొఫెసర్ గారూ, అప్పగింత కాగితం మీద ఒక్క సంతకం చెయ్యండి, బయల్దేరదాం," అన్నాడు లెఫ్టినెంట్. చక్కటి బ్ర్నో యాస. జేబులోంచి లావుపాటి నల్ల పెన్ను తీసి ముసలాయన చేతిలో పెట్టాడు. "కొంచెం గట్టిగా నొక్కాలండీ, సిరా బిగుసుకుంది."

నెక్లాన్ కార్డు తిరిగి ఇవ్వబోతూ పేరు చదివాడు. ఓల్డ్రిఖ్ ష్కోపెక్.

ఛీ, వీడికీ ఈరోజే పండగ! దేశమంతా వీడికి పూలిస్తోంది, ఇక నేను కూడా చెప్పాలా? కానీ కర్నల్ మాట గుర్తొచ్చింది. మర్యాద. పళ్ళు బిగబట్టి, ఇన్నేళ్ళలో మొదటిసారి అనేశాడు.

"శుభాకాంక్షలు, లెఫ్టినెంట్."

"దేనికి?"

"ఈరోజు మీదే కదా."

మనిషి ఒక్క క్షణం తడబడి, వెంటనే నవ్వాడు. "మీకెవరో తప్పు చెప్పారండీ. నా పుట్టినరోజు మే నెలలో."

 సిల్వియె ముఖంలో రంగు పోయింది. "బ్ర్నోలో ఇవన్నీ పట్టించుకోర్లే," అంది గబగబా.

పట్టించుకోరా? ఈ దేశంలో ఓల్డ్రిఖ్ అన్నవాడు ఫిబ్రవరి పంతొమ్మిదిన మధ్యాహ్నం రెండింటిదాకా ఆ సంగతి తెలియకుండా ఎలా ఉండగలడు? ఆరింటికి తల్లి ఫోన్ చేస్తుంది. రొట్టెల కొట్టువాడు చెప్తాడు. ఆఫీసువాళ్ళు సారా తాగించకుండా గుమ్మం దాటనివ్వరు. వీడి దగ్గర వాసన కూడా లేదు. పండగే లేనివాడికి తెలుసు, పండగున్నవాడు దాన్ని మర్చిపోడని!

ప్రొఫెసర్ పెన్ను కాగితం మీద ఆనించాడు. నొక్కబోతున్నాడు. అసలు గట్టిగా నొక్కమన్నది దేనికి?

పిస్తోలు పనిముట్ల సంచీ అడుగున ఉంది, దాని మీద పదిహేను కిలోల ఇనుము. చేతికి అందుతున్నది 'న' డ్రాయర్ ఒక్కటే. రెండు చేతులా ఎత్తి ముందు పెన్ను మీదికి ఊపాడు. పెన్ను ఎగిరి బల్ల మీది రొట్టె మీద పడింది. దాని పక్కనుంచి సన్నటి విషపు సూది బయటికి పొడుచుకొచ్చింది. అదే ఊపులో డ్రాయర్ లెఫ్టినెంట్ తలకి తగిలింది. కార్డులన్నీ గాల్లోకి లేచాయి, మనిషి నేలకూలాడు.

సిల్వియె కోటులోంచి పిస్తోలు వచ్చింది. "కదలకు నెక్లాన్. నీ పేరుగల రాజు చేసిందే చెయ్యి, పక్కకి తప్పుకో."

భయమేసింది. అబద్ధమెందుకు, బాగానే వేసింది. అయినా ప్రొఫెసర్‌కీ పిస్తోలుకీ మధ్య నిలబడ్డాడు.

"తప్పుకోను. భయమేస్తోంది, కానీ తప్పుకోను."

ఆమె వేలు బిగుస్తుండగా నెక్లాన్ భుజం మీంచి గిన్నెడు పప్పు సూప్ ఆమె చేతి మీదా నక్కతోలు మీదా పడింది. తూటా పైకప్పులోకి పోయింది.

"ఉప్పు లేకుండా పాడైంది ఎలాగూ," అన్నాడు ప్రొఫెసర్ ఖాళీ గిన్నెతో.

* * *

పది నిమిషాల తర్వాత సిల్వియె చల్లటి రేడియేటర్‌కి సంకెళ్ళతో కూర్చునుంది, దొంగ లెఫ్టినెంట్ ఆమె పక్కనే స్పృహలేకుండా పడున్నాడు.

"ఎలాగమ్మా ఇంత పని చేశావు?" అన్నాడు నెక్లాన్. కోపంకన్నా బాధే ఎక్కువగా ఉంది.

"దానికి సమాధానం కోర్టులో చెప్తాలే." కాలిన చెయ్యి ఊదుకుంది. "వాడికి ఆరేళ్ళు శిక్షణ ఇచ్చాను. యాస నేర్పాను, బీరు పట్టుకోవడం నేర్పాను. పొద్దున అసలు ష్కోపెక్‌ని పట్టుకుని కార్డు లాక్కున్నాం. క్యాలెండర్ ఒక్కటి చూపించలేదు. ఇక్కడ పుట్టినదాన్ని కదా, అదొకటి నేర్పాలని ఎలా తడుతుంది? పోయి పోయి నువ్వు శుభాకాంక్షలు చెప్తావా! ఐదేళ్ళలో నాకొక్కసారి చెప్పావా?"

అసలు ష్కోపెక్ ఆమె కారు డిక్కీలో దొరికాడు, మూడు పూలగుత్తుల మధ్య కట్టేసి. బతికే ఉన్నాడు. ప్లమ్ సారా వాసన గుప్పుమంది.

మూడింటికి జడ్జి ఎదురుచూస్తున్నాడు. కార్డులేమో నేలంతా పప్పులో తడుస్తున్నాయి. మోకాళ్ళ మీద కూర్చుని ఒక్కొక్కటీ ఏరుతూ నెక్లాన్ అందరినీ తిట్టుకున్నాడు. ముఠాని, కర్నల్‌ని, లైటర్ తయారుచేసినవాణ్ణి. అంతలో తన పేరే చేతికొచ్చింది.

నెక్లాన్ సెడ్మెరా, 1961. 'కోరిన కారణం' అన్న గడిలో పెన్సిల్‌తో రాసుంది:

'రాజు భయపడిన మాట నిజమే. భయపడినా ఆయన పేరు రాజుల వరసలోంచి ఎవరూ తీసెయ్యలేదు. పోలీసులు నా తోటి పంతులు మీద నేరం మోపే కాగితం తెచ్చి సంతకం పెట్టమన్నారు. నేను వంగి పెట్టాను. ఆయన తిరిగి రాలేదు. మా మనవడు భయపడినా ఫర్వాలేదు, నాలా వంగకూడదు. ఈ పేరు ఇవ్వండి.'

నెక్లాన్ రెండుసార్లు చదివాడు. మూడోసారి అక్షరాలు కనబడలేదు.

"ఇది రాస్తే ఆ రోజుల్లో మీ ఉద్యోగం పోయేది కదా," అన్నాడు.

"అందుకే పెన్సిల్‌తో రాశాను. చెరపాలనిపించలేదు. పద నాయనా, టైమైంది."

కార్డు మీద ఇంకా పప్పు అంటుకునే ఉంది. నెక్లాన్ జేబులోంచి ఒక కాగితం తీసి శుభ్రంగా తుడిచి, ఆ కాగితాన్ని ఉండచుట్టి చెత్తబుట్టలో వేశాడు.

"ఏంటది?"

"పేటర్ అని ఒకడి దరఖాస్తు సార్. ఇక అక్కర్లేదు."

పావుగంట ఆలస్యంగా, స్వెటర్ నిండా మరకలతో ప్రొఫెసర్ జడ్జి ముందు నిలబడ్డాడు. పదకొండు పేర్లలో ఒక్కదానికీ కార్డు లేదు. సాయంత్రానికి పదకొండు మందీ లోపల ఉన్నారు.

సోమవారం ఆఫీసుకి వెళ్తే నెక్లాన్ బల్ల మీద పూలు, శాండ్‌విచ్చులు, పెద్ద కేకు. గోడ క్యాలెండర్లో ఓల్డ్రిఖ్ కింద ఎర్ర పెన్సిల్‌తో కర్నల్ ఇంకో పేరు చేర్చాడు. ముప్ఫై ఆరేళ్ళకి మొదటిసారి తన పేరు క్యాలెండర్లో చూసి నెక్లాన్ దాని మీద వేలు పెట్టాడు. వంగి కేకు చూశాడు. దాని మీద క్రీముతో అందంగా రాసుంది: 'కారెల్‌కి శుభాకాంక్షలు'.

"బయటి బేకరీ కదయ్యా," అన్నాడు కర్నల్ గొంతు తగ్గించి. "నీ అసలు పేరు ఎలా ఇస్తాం?"

శుభాకాంక్షలు కారెల్ అందుకున్నాడు. కేకు మాత్రం, చివరి ముక్క దాకా, నెక్లానే తిన్నాడు.