గుమ్మడికాయ కొట్టేవరకు

ముఖపొర ఎడమ చెంప దగ్గర మళ్ళీ లేచింది. లాస్య ఊపిరి బిగబట్టి కూర్చుంది. గోడలోంచి ఒక సన్నటి యంత్రపు చెయ్యి వచ్చి, ఆ ముడత మీద చల్లగాలి ఊది, అణిచి, వెనక్కి పోయింది. అద్దంలో సీరియల్లోని ఇరవై మూడేళ్ళ మందాకిని కనిపించింది. కింద ఉన్నది యాభై రెండేళ్ళ మనిషని చెప్పడానికి మెడ ఒక్కటే మిగిలింది. దానికీ పెద్దంచు చీర కప్పారు.

"ఈరోజు గ్లిజరిన్ లేదు మేడం," అన్నాడు ప్రద్యుమ్న, తలుపు దగ్గర నిలబడి. ఛానెల్ తరఫున ఏడో ఫ్లోర్‌కి అతనే మేనేజరు. ఎవరి కష్టమైనా వాతావరణ వార్త చదివినట్టు చదువుతాడు.

"నిన్న కూడా లేదుగా," అంది లాస్య.

"నిన్న మీరు ఏడవలేదు. మొన్న కూడా. ఇవ్వాళ్టితో అయిపోతే మీకే మంచిది. రేపట్నుంచి ఇంట్లో హాయిగా ఉండొచ్చు."

హాయిగా అనే మాట ఈ బిల్డింగులో వినపడితే ఒళ్ళు మండుతుంది. 'ఆరో కోడలు' మొదలై ఇరవై తొమ్మిదేళ్ళయింది. ఇవాళ్టిది ఎనిమిది వేల నూట పన్నెండో భాగం. ఇన్ని భాగాల్లోంచి, సీరియల్‌ని రాసి నడిపించే యంత్రం సూత్రధారి, లాస్య నడక, నవ్వు, తలదించడం, చీపురు పట్టుకోవడం, గుమ్మంలో నిలబడి చెంగు నలపడం అన్నీ తీసుకుని అచ్చు పోసింది. ఒక్కటే దొరకలేదు. ఇన్నేళ్ళూ ఆమె గ్లిజరిన్‌తోనే ఏడ్చింది. పొరలో కంటికింద ఉన్న తడిమాని దొంగ కన్నీళ్ళని ఇట్టే పట్టేస్తుంది. ఒక్క నిజం ఏడుపు దొరికితే పూర్తి అచ్చు. ఆ తర్వాత మందాకిని లాస్య అక్కర్లేకుండా ఏడుస్తూనే ఉంటుంది, ఎన్ని తరాలైనా.

లాస్య మాత్రం బయటికి వెళ్ళినప్పుడల్లా ఇప్పటిలాగే బోడిపొర వేసుకోవాలి. కళ్ళూ ముక్కూ ఉంటాయి గానీ ఎవరికీ గుర్తుండని మొహం అది. సొంత మొహం సంస్థది. కూరగాయల దుకాణంలో ఏళ్ళ తరబడి కొంటున్నా అక్కడి అమ్మాయి ప్రతిసారీ కొత్త మనిషిని పలకరించినట్టే పలకరిస్తుంది.

మానేసి పోవచ్చు కదా అంటారు. కరారు ఒప్పుకోదు.

ఆ కరారు రాసినాయన మొదటి నిర్మాత, గుంటూరు మనిషి. సినిమావాళ్ళ భాష తప్ప ఇంకో భాష రాదు. సొంత దస్తూరీతో రాశాడు: 'గుమ్మడికాయ కొట్టేవరకు నటి ముఖము, గాత్రధారిణి గొంతు సంస్థవి. కొట్టిన క్షణం నుంచి ఎవరివి వారివి.' షూటింగు ఆఖరి రోజున కెమెరా ముందు గుమ్మడికాయ కొడతారు కాబట్టి, షూటింగు అయిపోయేవరకు అని ఆయన అర్థం. ఆయన పోయాడు. తర్వాత దేశంలోని కరారులన్నీ పెట్టెల్లోకి ఎక్కించారు. ఈ ఫ్లోర్ గోడకీ ఒక కరారు పెట్టె ఉంది, పచ్చ దీపంతో. అది ఎవరి మాటా వినదు, రాసినది జరిగిందా లేదా అని మాత్రం చూస్తుంది. దానికి సినిమా భాష తెలియదు. నిజంగానే గుమ్మడికాయ కోసం చూస్తోంది.

ఈ సంగతి ఛానెల్ లాయర్లు ఆలస్యంగా కనిపెట్టారు. తిరగరాయాలంటే సంతకాలు పెట్టిన వాళ్ళందరూ కావాలి, అందులో సగం మంది లేరు. అందుకని గుమ్మడికాయనే బహిష్కరించారు. క్యాంటీన్ సాంబారులో ముక్కలు మానేశారు. గేటు దగ్గర లాస్య సంచీ రోజూ వెతుకుతారు. సెట్లో ఆ మాట అన్న లైట్‌బాయ్‌ని ఒకణ్ణి మధ్యాహ్నానికల్లా పంపేశారు.

అలాంటి ఫ్లోర్‌లోకి ఆ ఉదయం బూడిద గుమ్మడికాయ వచ్చింది.

సూత్రధారే రాయించుకుంది. వేసవి దృశ్యం. మందాకిని మేడ మీద వడియాలు పెట్టాలి. కాయని ముందు మగవాడు పగలగొట్టి ఇవ్వాలి, ఆడవాళ్ళు కొట్టకూడదు. అది ఇళ్ళలో పాత పట్టింపు. మందాకిని మొగుడు కనపడకుండా పోయి నాలుగు వందల భాగాలైంది. ఇంట్లో మగాళ్ళెవరూ ఆమెకి సాయం చెయ్యొద్దని అత్తగారు ఆనపెట్టింది. కాయ ముందు కూర్చుని, దాన్ని కొట్టడానికి కూడా దిక్కులేని ఆడదానిగా ఆమె ఏడవాలి. స్క్రిప్టులో దాన్ని 'వడియాల కాయ' అన్నారు. సూత్రధారికి అది ఏమిటో తెలియక కాదు. ఎనిమిది వేల భాగాల్లో ఒక్క ఆడది కూడా గుమ్మడికాయ కొట్టలేదు, కాబట్టి ప్రమాదం సున్నా అని తేల్చింది. ఒక్క షరతు పెట్టింది. కాయకి పది అడుగుల దూరంలో మగవాడెవడూ ఉండకూడదు.

సామాను చూసే నర్సింలు కాయని బండి మీద తెచ్చి, పది అడుగుల హద్దుగా నేల మీద గీసిన గీత అవతల ఆపేశాడు. మొదటి భాగం నుంచీ ఉన్నవాడు.

"ఇగో లాస్యమ్మా, కాయ. మంచిగ ముదిరింది. నేను లోపటికి రావద్దంట, మీరే తోస్కపోండ్రి."

"ఎక్కడ దొరికింది నర్సింలూ?"

"మా ఇంటెనక తీగెకు కాసింది. గేటుకాడ మిషిన్ గంటసేపు ఆపింది. పైనుంచి చెప్తే ఇడ్శిపెట్టింది." అతను గొంతు తగ్గించాడు. "రోలు గూడ అసలుదే పెట్టిన. అట్టది పెడితే సప్పుడు మంచిగ రాదు."

లాస్య బండి తోసుకుని మేడ సెట్టులోకి వెళ్ళింది. అరచేతులకి కాయ మీది బూడిద అంటుకుంది.

ఎదురుగా అత్తగారు వెలిగింది. ఆ వేషం వేసిన నటి కనకవల్లి గారి పూర్తి అచ్చు. ఆవిడ అచ్చు ఇచ్చిన మరుసటి ఏడు పోయింది. ఆవిడ కొడుకు ఇంట్లో గోడకి తగిలించిన పటంలో ఇవాళ్టికీ బొమ్మ లేదు, ఖాళీ అద్దానికి దండ వేసి ఉంటుంది. పటంలో ఉండాల్సిన మొహం ఇక్కడ కోడళ్ళని తిడుతోంది.

"మొదలెడదామా, లాస్యా?"

చెవిపలుకులో వినిపించిన గొంతు తన్మయిది.

మొదటి రోజున డైరెక్టరు లాస్య డైలాగు విని, "గొంతులో రంపం పెట్టుకొచ్చింది" అన్నాడు. అప్పుడు డబ్బింగ్ గదిలోంచి తన్మయిని పిలిచారు. ఇరవై ఎనిమిదేళ్ళు ఇద్దరూ కలిసి ఒక మనిషయ్యారు. ఒకే క్యారేజీలో తిన్నారు. నిరుడు వానాకాలంలో తన్మయి పోయింది. మూడో రోజుకి ఆమె కూతురు హాసిని ఫోన్లో తల్లి పంపిన మాటలన్నీ మూగబోయాయి. నొక్కితే గీతలు కదులుతాయి, మాట రాదు. గొంతు కూడా సంస్థదే. ఇప్పుడు సూత్రధారి దాన్ని వేసుకుని లాస్యకి డైలాగులు అందిస్తోంది.

కెమెరాలు తిరిగాయి.

"చూశావుటే," అంది అత్తగారు. "నీకోసం ఈ కాయ మీద చెయ్యి వేసేవాడు ఈ ఇంట్లో లేడు. ఏడు. కడుపారా ఏడు."

లాస్య తల దించింది. కళ్ళు పొడిగానే ఉన్నాయి. తడిమాని ఎర్రగా మెరిసింది.

"మళ్ళీ," అంది చెవిలో గొంతు. రెండోసారి కూడా అంతే అయింది.

గీత అవతల ప్రద్యుమ్న వాచీ చూసుకున్నాడు. "మేడం, దయచేసి. మీరొక్కరి మూలంగా ఇంతమంది ఆగారు."

"నేను ఆపలేదు నాయనా. రావట్లేదు."

"వస్తుంది," అంది సూత్రధారి, తన్మయి గొంతుతోనే, మెత్తగా.

మూడోసారి అత్తగారి మాట అవగానే చెవిలో డైలాగు రాలేదు. దగ్గు వినిపించింది. తర్వాత ఆస్పత్రి మిషను కూత. "లాస్యా, హాసినిని ఒకసారి చూడవే. అది అన్నం తినదు చెప్పకపోతే. నాకు ఊపిరి... ఉన్నావా? లాస్యా, ఉన్నావా?"

ఆ రోజు తను ఆస్పత్రిలో లేదు. ఇదే ఫ్లోర్‌లో, ఇదే గోడ ముందు, పట్టుచీర కట్టుకుని పండగ సీను చేస్తోంది. చెవిపలుకు చెవిలోనే ఉంది. షాటు అయ్యేదాకా తియ్యనివ్వలేదు. తన్మయి ఆ మాటలు లాస్య ఫోనుకే పంపింది. వాటిని సూత్రధారి ఆమెకి చేరనివ్వలేదు. దాచిపెట్టుకుంది. ఇన్ని నెలలూ దాచిపెట్టుకుని, ఈ మధ్యాహ్నం కోసం బయటికి తీసింది.

లాస్య కళ్ళ అంచుల్లో తడి ఊరబోయింది. తడిమాని పసుపుపచ్చకి మారింది. ప్రద్యుమ్న ముందుకి వంగాడు.

ఏడిస్తే అయిపోతుంది. తన్మయి చావు పట్టుకుని తను ఏడ్చిన ఏడుపు రేపటినుంచి మందాకినికి వస్తుంది. ఉప్పు తక్కువైనా, మొగుడు తిట్టినా, చీర చిరిగినా అదే ఏడుపు. ఈ ఆలోచన రాగానే ఆ తడి దానంతట అదే ఇంకిపోయి, దాని చోట కోపం నిండింది. అంత కోపం ఆమెకి ఇరవై తొమ్మిదేళ్ళలో ఎప్పుడూ రాలేదు. కోడళ్ళకి రాయరు.

కాయ ఎదురుగా ఉంది. ఎవరైనా మగాడు వస్తాడా అని చూడాలి, స్క్రిప్టులో అలాగే ఉంది. ఆమె గీత అవతలికి చూసింది. నర్సింలు ఆమెనే చూస్తున్నాడు. అతను చెయ్యి ఊపలేదు, తల ఊపలేదు. రోలు వైపు ఒకసారి చూసి, చూపు తిప్పుకున్నాడు.

లాస్య చీర చెంగు నడుముకి దోపుకుంది. కాయ కింద రెండు చేతులూ పెట్టి లేపింది. ఆరు కిలోలు ఉంటుంది. మోకాళ్ళు కలుక్కుమన్నాయి.

"లాస్యా, ఇది దృశ్యంలో లేదు," అంది చెవిలో గొంతు.

"మేడం, దించండి," అన్నాడు ప్రద్యుమ్న. గీత దాకా పరుగెత్తాడు. అక్కడ ఆగిపోయాడు. నడుస్తున్న కెమెరా ముందుకి రాకూడదని ఉద్యోగంలో చేరిన రోజున నేర్పిన పాఠం అతని కాళ్ళలో ఉంది. అది వదిలించుకునేలోపే ఆమె కాయని తలపైకి ఎత్తింది.

రోటి అంచు మీద కొట్టింది. నర్సింలు చెప్పినట్టే చప్పుడు బాగా వచ్చింది. కాయ రెండు చెక్కలై, గింజలు మేడంతా చిందాయి.

కరారు పెట్టె దీపం పచ్చ నుంచి తెలుపుకి మారింది.

అత్తగారు నోరు తెరిచి ఉండగానే ఆరిపోయింది. లాస్య చెంపల మీద పొర చల్లబడి, అట్టకట్టి, కింద పడింది. పెద్ద తెర మీద యాభై రెండేళ్ళ ఆడమనిషి కనిపించింది, చెంపలు జారి, కళ్ళ కింద నల్లగా, జుట్టులో గింజలతో. చెవిలో తన్మయి గొంతు "లా..." అని మొదలుపెట్టి మధ్యలో తెగింది. దాని చోట గొంతులేని గరగర మిగిలింది. లాస్య చెవిపలుకు తీసి రోట్లో వేసింది.

గుమ్మడికాయ పగిలిన చప్పుడు వింటే యూనిట్‌వాళ్ళు ఏం చేస్తారో ఎవరూ నేర్పక్కర్లేదు. నర్సింలు చేతులు జోడించాడు. పైన లైట్లు ఒకటొకటిగా ఆరాయి. "ప్యాకప్," అని వెనకనుంచి ఎవరో పాతవాడు అన్నాడు. తీగలు చుట్టడం మొదలైంది. వద్దని ఎలా చెప్పాలో సూత్రధారికి తెలియలేదు. దానికిప్పుడు గొంతు లేదు.

ప్రద్యుమ్న మొహంలో నెత్తురు లేదు. "రేపు ఒంటిగంటన్నరకి మన సీరియల్ చోట ఏం పెట్టమంటారు?"

"వడియాలు పెట్టుకోండి," అంది లాస్య. గరుకైన గొంతు, రంపం లాంటిది. సొంత మొహంతో కలిపి ఆ ఫ్లోర్ దాన్ని మళ్ళీ వినడం ఇరవై తొమ్మిదేళ్ళకి. "ఎండ బాగా కాస్తోంది."

మేకప్ గదిలో లాస్య ఫోను మోగుతుంటే నర్సింలు తెచ్చిచ్చాడు. హాసిని చేసింది. ఫోనుకి ఫోను ఆనించి, తల్లి ఎప్పుడో పంపిన మాట ఒకటి వినిపించింది.

"హాసినీ, బీరకాయ పప్పు ఫ్రిజ్‌లో పెట్టాను. వేడి చేసుకుని తిను. చల్లగా తింటే నీకు పడదు. పెట్టేస్తున్నా."

లాస్య రోలు పక్కన కూర్చుని ఏడ్చింది. కెమెరాలన్నీ అప్పటికే ఆగిపోయాయి.