ఖిల్లా ఘణపూర్‌లో మింగిన ముద్ద

"మీ అమ్మ మన సంగతి విన్నదా?" ఫోన్లో అడిగింది నవనీత.

బస్సు బీచుపల్లి వంతెన మీద ఉంది. కిటికీ నిండా కృష్ణా నది గాలి. అరవింద్‌కు 'తిన్నదా' అని వినబడింది.

"తిన్నది! నేను గూడ కడుపునిండ తిన్న. పప్పు, బచ్చాలు..."

"ఏడ తిన్నవ్?"

ముందు సీట్లో అమ్మ భాగ్యమ్మ కునుకు తీస్తోంది. అతను గొంతు తగ్గించాడు. "ఖిల్లా ఘణపూర్ల. గీత అని ఒక పిల్ల. ఊకె చూసొద్దామని అమ్మ తోల్కపోయింది."

"పిల్లను చూడబోయి ఆ ఇంట్ల అన్నం తిన్నవా!"

అరవింద్‌కు అప్పుడు వెలిగింది. పిల్లను చూడబోయినవాళ్లు చాయ్ తాగుతారు, మిక్చర్ నములుతారు. అన్నం మాత్రం ముట్టరు. ముట్టారో, సంబంధం ఖాయం! ఇంకా ముద్దు దాకా రాని ప్రేమను ఒక్క ముద్ద మింగేసింది.

"వాళ్లమ్మ ఇస్తరేసి నిల్సున్నది నవ్వీ. వద్దంటే బాధపడ్తదని..."

"మరి నేను? ఆదివారం మీ ఇంటికొస్త. అప్పుడన్న నోరు ఇప్పు. లేకుంటే నన్ను మర్సిపో."

"సరే" అన్నాడు. అతనికి వచ్చిన మాట అదొక్కటే.

ఆదివారం గద్వాలలో అరవింద్ ఇంటి ముందు గీత తండ్రి కురుమయ్య పండ్ల బుట్టతో దిగాడు. వెనకే నవనీత వచ్చి గుమ్మంలో నిలబడింది.

"మాఘమాసంల లగ్గం పెట్టుకుందామా అల్లుడా?"

అలవాటుగా 'స' దాకా వచ్చింది. నవనీత వెనక్కి తిరిగింది.

"వద్దు మామా!"

భాగ్యమ్మ చేతిలో చాయ్ ఒలికింది. కురుమయ్య నోరు తెరిచాడు. అందరికంటే ఎక్కువ అదిరిపడ్డది అరవిందే!

ఇక దాచేదేముంది? నవనీత సంగతి, అమ్మ మాట తీసెయ్యలేక చూపులకు పోయిన సంగతి, మొహమాటానికి తిన్న సంగతి ఒక్క గుక్కలో కక్కేశాడు.

"నాడే వద్దంటే మా ఆడామె జరసేపు చిన్నబోతుండె" అన్నాడు కురుమయ్య. "ఇప్పుడు ఊరంత చెప్పుకున్నం. నా బిడ్డ తలెట్లెత్తుకుంటది?"

"తప్పు నాది. ఊర్లకొచ్చి నేనే చెప్త మామా."

"రావాలె. అందరి ముంగట చెప్పాలె."

"వస్త."

భాగ్యమ్మ నెత్తి కొట్టుకుంది. "నువ్వు తింటుంటే పిల్ల నచ్చిందని మురిసిన గదరా!"

తర్వాత నవనీతను లోపలికి పిలిచింది. "మీ నాయిన నంబర్ జెప్పు బిడ్డా, నేనే మాట్లాడ్త. వీణ్ని పంపితే తొవ్వల ఇంకెవరింటికి అల్లుడైతడో!"