వాయిదాల అబ్బాయి

శామీర్‌పేట బస్టాపులో వాన కొడుతుంటే, పర్మిషన్ కూడా అడక్కుండా తన గొడుగు కిందికి దూరిన నల్లకోటు అబ్బాయిని చూసి సుప్రజకు ఒళ్లు మండిపోయింది.

"మీరా! ముందు బయటికి నడవండి."

"మేడమ్, వాన మస్తు కొడ్తాంది. కోటు నాన్తే మా సీనియర్ నన్ను ఉతికి ఆరేస్తడు."

"ఆరెయ్యనివ్వండి! పొద్దున హైకోర్టులో మళ్లీ టైమ్ అడిగింది మీరేగా?"

ఆ అబ్బాయి కళ్లు పెద్దవయ్యాయి. "అయ్యో! మీరు గా ప్రమోషన్ కేసు సార్ బిడ్డా?"

అవును, ఆ సార్ బిడ్డే. వాళ్ల నాన్న ఫణిభూషణ్ రావు యూనివర్సిటీలో సూపరింటెండెంట్. తన చేతి కింద పని నేర్చుకున్నవాళ్లంతా అసిస్టెంట్ రిజిస్ట్రార్లయిపోతే, ఆయన మాత్రం అదే కుర్చీలో రిటైరయ్యాడు. పెన్షన్ కూడా పాత హోదా మీదే ఆగిపోయింది. కేసు వేస్తే, యూనివర్సిటీ తరఫు లాయరుగారి జూనియర్ ఈ రాకేష్ ప్రతిసారీ లేచి, వినయంగా వంగి, వాయిదా అడుగుతాడు. సుప్రజ ఇంట్లో అతనికి వాయిదాల అబ్బాయి అని పేరు కూడా పెట్టేసింది.

అబ్బాయి వానలోకి నడిచాడు. కోటు విప్పి కవర్లో చుట్టుకుని, చొక్కా తడుపుకుంటూ నిలబడ్డాడు. తిట్టించుకుని కూడా నవ్వుతున్నవాడి మీద ఎంతసేపని కోపం నిలుస్తుంది?

"సరే, రండి. సగం గొడుగే."

"మిగతా సగానికి టైమ్ కోరుతున్న మేడమ్."

సుప్రజ పెదవి కొరుక్కుంది కానీ నవ్వు ఆగలేదు. ఆ రోజు మేడ్చల్ బస్సులు రెండు వచ్చి వెళ్లిపోయినా ఆమె ఎక్కలేదు.

ఆ తర్వాత వాన లేకపోయినా ఇద్దరూ ఒకే గొడుగు కింద కనిపించేవారు. ఆమె మందుల కంపెనీ ల్యాబ్ నుంచి బయటికి వచ్చే వేళకి, అతను పక్కనే ఉన్న తన ఊరు అలియాబాద్ నుంచి బైకు మీద రెడీ. చెరువు కట్ట మీద మిర్చి బజ్జీలు తింటూ ఒకనాడు అడిగేశాడు.

"సుప్రజా, మా బాపును మీ ఇంటికి తోల్కరానా?"

ఆమె బజ్జీ చేతిలోనే ఆగిపోయింది. "రావద్దు. మా నాన్న శపథం పట్టారు. చుట్టాల పెళ్లికార్డులన్నిట్లో పేర్ల కింద హోదాలుంటాయిగా? నా పెళ్లికార్డులో ఆయన పేరు కింద అసిస్టెంట్ రిజిస్ట్రార్ అని పడాలట. కేసు తేలేదాకా కార్డు లేదు, కార్డు లేందే పెళ్లి లేదు."

రాకేష్ నెత్తి పట్టుకున్నాడు. "అంటే గిన్ని రోజులు నేనడిగిన వాయిదాలన్నీ నా పెళ్లికేనా!"

సుప్రజ పగలబడి నవ్వింది. నవ్వుతూనే కళ్లు తుడుచుకుంది. నాన్న ఓడిపోతే ఆ కార్డు ఎప్పటికీ అచ్చు కాదు మరి.

రాకేష్ సీనియర్ దగ్గర ఏదీ దాచలేదు. ఆయన పడీపడీ నవ్వి, "కేసు ముగియాలన్న తొందర నీకే ఎక్కువ కదా, నువ్వే వాదించు. కానీ క్లయింటుకు అన్యాయం చేశావో, చంపేస్తా" అన్నాడు.

ఈసారి జడ్జిగారు అలవాటుకొద్దీ, "మళ్లీ టైమేనా?" అన్నారు.

"లేదు, మై లార్డ్. రెడీ."

ఇక చూడాలి! రూల్స్, సీనియారిటీ, పాత తీర్పులు అన్నీ ఏకరువు పెట్టాడు. వెనక బెంచీలో సుప్రజకు నాన్న ఓడిపోయినట్టే అనిపించింది. కోర్టు మెట్ల దగ్గర అతన్ని నిలదీసింది. "అంత బాగా వాదించాలా? కొంచెం తడబడితే ఏం పోయేది?"

"నేను కావాలని ఓడిపోతే మీ నాయిన గెల్చినట్టెట్ల అయితది, చెప్పు? ఆయనది న్యాయమైతే నన్ను దాటుకుని గెలుస్తడు."

ఆ మాటకు ఆమెకు ఏడుపు వచ్చింది, అతని మీద ఇష్టం రెట్టింపయింది.

తీర్పు వచ్చింది. జూనియర్లకు ఇచ్చిన తేదీ నుంచే ఫణిభూషణ్ రావుకూ ప్రమోషన్, ఆ హోదా మీదే పెన్షన్! సుప్రజ అదే పూట ఇంట్లో రాకేష్ సంగతి చెప్పేసింది. ఆదివారం రాకేష్ వాళ్ల బాపును వెంటబెట్టుకుని వచ్చేసరికి, ఫణిభూషణ్ రావు కళ్లజోడు సవరించుకుని అతన్ని ఎగాదిగా చూశాడు.

"ఇన్నేళ్లూ టైమ్, టైమ్ అని నన్ను మనిషిగా కూడా లెక్కచెయ్యలేదయ్యా. ఆ రోజు నువ్వు నాకు ఎదురు వాదించావు చూడు, నా ప్రశ్నకి జవాబు చెప్పేవాడొకడు దొరికాడని కడుపు నిండిపోయింది." గొంతు సవరించుకున్నాడు. "ఇంతకీ, యూనివర్సిటీ అప్పీలుకు పోతుందా?"

"గది నేను చెప్పొద్దు సార్. క్లయింట్ సంగతి."

"చూశావా పార్వతీ, మామగారికి కూడా చెప్పడట!" అంటూ భార్యను పిలిచి, పంచాంగం అందుకున్నాడు.

తలుపు చాటున సుప్రజ గాల్లో తేలింది.

"వాళ్లు తీర్పు మీద స్టే తెచ్చేలోపు కార్డు కొట్టించెయ్యాలి," అన్నాడు ఫణిభూషణ్ రావు. " ఈ నెలాఖరుకి మంచి ముహూర్తం ఉంది. మీ వైపు ఏమైనా టైమ్ కావాలా బాబూ?"

రాకేష్ లేచి, కోర్టులోలాగే వినయంగా వంగాడు.

"అక్కర్లేదు, మై లార్డ్. రెడీ."